నీడపట్టున ఉంచవలెను

ఆదోనిలో నా దుకాణం పడమటి మొగం.
మూడు కొట్టేసరికి ఎండ లోపలికొచ్చి
వరసలో ఉన్నోళ్లను దాటుకోని
కుర్చీలో కూచుంటాది.
అంతటితో ఊరుకోదు,
అద్దంలోంచి ఎగిరి
ఎదురుగోడ గూట్లో సీసాలను పట్టుకుంటాది.

గడ్డం నూనె సీసా మీద సన్నక్షరాల్లో ఉంటాది గదా,
చల్లని చోట, వెలుతురు తగలని చోట ఉంచవలెనని.
రాసినాయనది యా ఊరో.
మే నెలలో ఒక తూరి ఇట్ల రమ్మను,
జిన్నింగు మిల్లు రేకుల కింద నిలబెట్టి అడుగుతా:
సామీ, ఆ చోటు చూపించు,
నూనెను తర్వాత పెడదాం,
ముందు నేను పోయి పండుకుంటా.

మా నాయన తేదీలు చూసినోడు కాదు.
నువ్వుల నూనెలో రెండు లవంగాలేసి
గోధుమరంగు మందుసీసాలో పోసి పెట్టేవాడు.
తడిచేత్తో మూత తీస్తే వేళ్ల మీద దువ్వెన పడేది.
సగమైన సీసాను సగంగా ఉంచొద్దురా,
ఖాళీ జాగాలో గాలి కూచోని తింటాది,
చిన్నదాంట్లోకి మార్చు అనేవాడు.
ఇంకేమన్నా అడిగితే
తన ముక్కు మీద వేలు పెట్టి చూపించేవాడు.

ఆ ముక్కు నాకూ వచ్చింది.
బాదం నూనె కనరెక్కబోతుంటే
వారం ముందే తెలిసేది నాకు,
పచ్చి వేరుశనగపప్పు వాసన కొంచెం పక్కకు జరిగి
పాత మైనం దగ్గరికి పోయేది.

కరోనా రెండో తూరి వచ్చినప్పుడు పోయింది.
మనిషి మిగిలినాడు చాలు అన్నారు అందరూ.
నిజమే, మిగిలినా.
నెలలో వస్తాదన్నారు, నాలుగేండ్లాయ.
మొగం మీద ముక్కు ఉంది,
తాళమేసి ఊరికి పోయినోళ్ల ఇల్లు మాదిరి.

అప్పటినుంచి దుకాణం తెరిచేది నేను,
సీసాలు తెరిచేది సుంకులమ్మ.
తాగేనీళ్ల కడవ కింద ఇసక పోసింది,
మూతలు బిగించి సీసాల్ని ఆ ఇసకలో నాటింది.
ఆదోనిలో చల్లని చోటు అదొకటే,
రాసినాయనకు చెప్పాల.
సీల్ తీసిన దినం మెడకు దారం కడతాది,
అమాసకొక ముడి.
ఆరు ముడులైతే దాన్ని నమ్మదు.
పొద్దున్నే ఒక్కొక్కటి మూత తిప్పి వాసన చూస్తాది.
ఎట్లుంది అంటే
నూనె మాదిరుంది అంటాది.
అంతకంటే ఒక్క మాట ఎక్కువ చెప్పదు.

మొన్న వాళ్ల చెల్లెలి బిడ్డ కాన్పని
ఎమ్మిగనూరు పోయింది, ఐదు దినాలు.
ముడులు ఎంచి చూస్కో అని చెప్పే పోయింది.
నాలుగో దినం ఉసేనప్ప కొడుకు వచ్చినాడు,
మర్నాడు పెండ్లి.
గడ్డం దిద్ది, అంచులు గీసి,
గూట్లో మర్చిపోయిన సీసా ఒకటి చేతికి తగిలితే
అరచేతిలో పోసుకోని బాగా రుద్దినా.
మెరిసింది.
అద్దంలో వాని ముక్కు కొంచెం కదిలింది.
పెద్దోడినని వాడు ఏమీ అనలేదు.
దస్తీ తీసి మూతి తుడుచుకున్నట్టు
ముక్కు మూసుకున్నాడు.

సబ్బుతో మూడు తూర్లు కడిగినా.
దుడ్లు ఇయ్యబోతే చెయ్యి అడ్డం పెట్టినా.
అంతా అయినాక వాడే అడిగినాడు,
మామా, నీకు తెలియలేదా?
దువ్వెన కడిగేదానికని వెనక్కి పోయినా.

సుంకులమ్మ వచ్చి ఆ సీసాను దూరం నుంచే కనిపెట్టింది.
ముడి లేదు దానికి. ఎప్పుడు తీసిందో ఎవరికి తెలుసు.
పారబోస్తావా అంటే
గడ్డానికి పనికిరాకుంటే ఇనుముకు రాదా అనింది.
షట్టర్ పట్టాల్లో మొత్తం పోసేసినా.

ఇప్పుడు పొద్దున్నే షట్టర్
గుర్రుమనకుండా లేస్తాది.
టీ కొట్టు ఖాసిం ఆ పక్కకు వస్తే మొగం చిట్లిస్తాడు.
నాకు మాత్రం
చానా మెత్తగా ఉంది, అబ్బయా.